అద్దాల బీరువాలో పై దవడ

ఆ రోజు పొద్దున ఎనిమిదిన్నరకి మా ఆయన నా నుదుటి మీద ముద్దుపెట్టి ఆఫీసుకి వెళ్ళాడు. తొమ్మిదిన్నరకి నా క్లయింటు క్లెయిముని కొట్టేశాడు. రెండూ ఎంతో శ్రద్ధగా చేశాడు. ఏ పని చేసినా శ్రద్ధగా చెయ్యడం అతని స్వభావం.

అతను ఒక డెంటల్ ఇన్సూరెన్స్ కంపెనీలో క్లెయిమ్స్ ఆఫీసర్. ఆఫీసులో అందరూ 'కత్తెర' అంటారు, అదీ మొహం మీదే. నేను ప్రైవేట్ డిటెక్టివ్‌ని. అలాంటి కంపెనీలు కొట్టేసిన క్లెయిముల వెనక ఉన్న నిజాన్ని తవ్వి తియ్యడం నా పని. మేమిద్దరం కలిసింది కూడా ఒక జ్ఞానదంతం కేసులోనే. ఆ కేసు నేను గెలిచాను. ఓడిపోయినవాడు లేచి, ఎంతో అందంగా నవ్వి, "కాఫీ తాగుదామా మేడమ్" అన్నాడు. ఆ నవ్వు చూశాక నేను ఇంకేమీ దర్యాప్తు చెయ్యలేదు.

పెళ్ళయి అయిదు వారాలైంది. పెళ్ళినాడే ఒక ఒప్పందం చేసుకున్నాం. ఆఫీసులో "సార్", "మేడమ్". ఇంట్లో "నువ్వు". ఇంట్లో దర్యాప్తు నిషేధం.

ఈ మూడో షరతుని నేను ఎంత నిష్ఠగా పాటించానంటే, బట్టల అలమారా పై అరలో ఉన్న చిన్న నీలం డబ్బాని చూపించి "కఫ్ లింకులు" అని అతనంటే సరేనన్నాను. కఫ్ లింకులు పట్టే చొక్కా అతనికి ఒక్కటీ లేదు. అత్తయ్య చూపించిన ఆల్బమ్‌లో పదేళ్ళ పిల్లవాడు ఒక్క పేజీ తిప్పేసరికి కాలేజీ కుర్రాడైపోయాడు. "మధ్యలోవి తడిసిపోయాయమ్మా" అందావిడ. దానికీ సరేనన్నాను. దీపం కింద చీకటి అంటారే, ఆ చీకట్లో నేను హాయిగా కాపురం చేసుకుంటున్నాను.

ఆ పొద్దున అతను టోస్టు సగం కొరికి, టైమైపోయిందని పళ్ళెంలో వదిలేసి వెళ్ళాడు. ఆ కాటు చక్కగా అర్ధచంద్రాకారంలో ఉంది. పారేయడానికి మనసొప్పక నా టిఫిన్ డబ్బాలో పెట్టుకున్నాను. దయచేసి ఈ సంగతి ఎవరికీ చెప్పకండి.

డబ్బా మూత పెడుతుండగా ఫోను మోగింది. నా క్లయింటు, సిటీ బస్సు కండక్టరు.

"కొట్టేశారమ్మా," అందావిడ. వెనక ఇంజను రొద. "పాపకి క్లిప్పులు ఇవ్వరంట. దాని పళ్ళు బ్రహ్మాండంగా ఉన్నాయంట."

* * *

కంపెనీ మూడో అంతస్తు వరండాలో తల్లీకూతుళ్ళు నాకోసం కూర్చుని ఉన్నారు. తల్లి యూనిఫాం విప్పకుండానే, భుజాన టికెట్ మిషనుతో వచ్చేసింది. కూతురికి రేపటితో పద్దెనిమిదేళ్ళు నిండుతాయి. కుడిచెయ్యి నోటికి అడ్డంగా ఉంది. నేను ఆ పిల్లని చూసిన నాలుగుసార్లూ ఆ చెయ్యి అక్కడే ఉంది.

"పొద్దున ఏం తిన్నావు?" అని మొదలుపెట్టాను.

"పాలల్లో నానబెట్టిన బ్రెడ్డు అక్కా."

"నిన్న?"

"పాలల్లో నానబెట్టిన బ్రెడ్డు."

"చెయ్యి తియ్యి."

తల్లి వైపు చూసి మెల్లగా తీసింది. పై వరుస మొత్తం ముందుకి పొడుచుకొచ్చింది. ఆనడానికి పైపళ్ళు దొరక్క కింది వరుస పైకి పెరిగి నేరుగా అంగిట్లో గుచ్చుకుంటోంది. అక్కడ ఎర్రగా పుండు. పై ముందుపన్ను ఒకదానికి మూల చిన్న ముక్క విరిగిపోయి ఉంది.

"ఇదేంటి?"

"బస్సులో సడన్ బ్రేకు," అంది తల్లి. వెంటనే, "నా బస్సు కాదు," అని చేర్చింది.

"నోరు మూసినప్పుడల్లా గుచ్చుకుంటుందక్కా. అందుకే మూయను. ఈగలు దూరతాయని అమ్మ తిడుతుంది."

"నేనెప్పుడు తిట్టానే?"

"నిన్న."

"అది ప్రేమగా తిట్టడం."

ఇద్దరినీ వెంటబెట్టుకుని లోపలికి వెళ్ళాను. కత్తెర టేబుల్ వెనక నిటారుగా కూర్చుని ఉన్నాడు. నేను కట్టిన టై కొంచెం ఎడమకి వాలింది. చెయ్యి ఊరుకోలేదు గాని, ఒప్పందం గుర్తొచ్చి ఆగాను.

"రండి మేడమ్."

"నమస్తే సార్. మా అమ్మాయి క్లెయిము ఎందుకు కొట్టేశారు?"

అతను ఒక అట్టపెట్టె తెరిచి, అందులోంచి తెల్లటి ప్లాస్టర్ అచ్చు తీసి టేబుల్ మీద పెట్టాడు. పై దవడ, కింది దవడ. చికిత్స మొదలుపెట్టే ముందు పేషెంటు పళ్ళకి డాక్టరు తీసే అచ్చు అది. పళ్ళు ఎంత వంకరగా ఉన్నాయో కంపెనీ స్కేలు పెట్టి కొలిచేది దాని మీదే.

"చూడండి. ముత్యాల వరుస. దీనికి క్లిప్పులెందుకు?"

చూశాను. నిజంగా ముత్యాల వరుసే. పై వరుసలో ఎడమవైపు, ముందుపన్ను పక్కన ఉన్నది ఒక్కటే వెంట్రుకవాసి తిరిగి ఉంది, పక్కవాళ్ళ మాటలు వినడానికి తల తిప్పినట్టు. మిగతావన్నీ బళ్ళో ప్రార్థనకి నిలబడ్డ పిల్లల్లా ఉన్నాయి.

"కంపెనీ అందం కోసం డబ్బివ్వదు మేడమ్, అవసరం కోసం ఇస్తుంది. నమలడానికో మాట్లాడటానికో నోరు మూయడానికో ఇబ్బంది ఉండాలి. పాలసీ తీసుకుని ఏడాది దాటి ఉండాలి."

"దాటింది సార్," అంది కండక్టరమ్మ. "ఏడాది ఆగమన్నారు, ఆగాం. పుండు ఆగలేదు."

"పద్దెనిమిది నిండకముందే అనుమతి తీసుకోవాలి. అప్పుడు సగం ఖర్చు కంపెనీది. అదీ జీవితంలో ఒక్కసారి."

"ఒక్కసారేనా?" అన్నాను.

"ఒక్కసారే. చికిత్స అయ్యాక అశ్రద్ధ వల్ల పళ్ళు మళ్ళీ కదిలితే రెండోసారి ఇవ్వబడదు. ఆ వాక్యం నేనే రాశాను." ఆ మాట చెప్పేటప్పుడు, ఇంట్లో బల్బు మార్చి కిందికి దిగేటప్పుడు ఉండే గర్వం అతని మొహంలో కనిపించింది. నాకు ముచ్చటేసింది. వెంటనే అణుచుకున్నాను.

"అమ్మాయి మీ ఎదురుగానే ఉందిగా సార్. నోరు తెరుస్తుంది, చూడండి."

"చూడకూడదు."

"ఏం?"

"పోయినేడు ఒక పాలసీదారు మా ఆఫీసర్ వేలు కొరికాడు. అప్పట్నుంచి నోళ్ళు చూడకూడదని సర్క్యులర్. అచ్చు కొరకదు."

"సరే. ఒక్క ప్రశ్న. మోసం చేసి డబ్బు లాగాలనుకునేవాడు మీకు చెడ్డ పళ్ళ అచ్చు పంపుతాడా, మంచి పళ్ళ అచ్చు పంపుతాడా?"

అతను ఆలోచించాడు. నిజాయితీగా ఆలోచిస్తాడు. అతన్ని ఓడించడానికి ఉన్న దారి అదొక్కటే. "చెడ్డవి," అన్నాడు చివరికి.

"అంటే ఇది మోసం కాదు. ఎక్కడో అచ్చులు మారాయి."

"మారాయని మీరంటున్నారు. నిరూపించండి. సాయంత్రం అయిదింటికి ఫైలు మూసేస్తాను. రేపటికి అమ్మాయికి పద్దెనిమిది. ఇక తెరవడం ఉండదు." లేచి తలుపు దాకా వచ్చి గొంతు తగ్గించాడు. "సాయంత్రం టమాటాలు తేవాలా?"

"ఆఫీసులో ఇంటి విషయాలు మాట్లాడకండి సార్," అన్నాను. రెండడుగులు వేసి, "తేవాలి," అన్నాను.

* * *

క్లినిక్‌లో ఒక్క పేషెంటు లేడు. సోఫా ఖాళీ. రిసెప్షనిస్టు తడిగుడ్డతో టెలిఫోను తుడుస్తోంది. లోపల చికిత్స చేసే కుర్చీలో డాక్టరే పడుకుని, దీపం కింద గళ్ళ నుడికట్టు పూరిస్తున్నాడు. డెబ్భైకి దగ్గర్లో ఉన్న మనిషి.

"ఏం జరిగిందో తెలీదు తల్లీ," అన్నాడు లేచి కూర్చుని. "వారం నుంచి కొత్త పేషెంటు నిలవట్లేదు. వస్తారు, ఆ సోఫాలో కూర్చుంటారు, కాసేపటికి ఫోనొచ్చిందని వెళ్ళిపోతారు. మొన్న ఒకాయన ఫోనొచ్చిందని కూడా అనలేదు. పరిగెత్తాడు."

ఈ మాటని మనసులో ఒక మూల పెట్టుకుని రిసెప్షనిస్టుని పిలిచాను.

"కండక్టరుగారమ్మాయి అచ్చుని పెట్టెలో పెట్టి కట్టిందెవరు?"

"నేనే మేడమ్. పోయిన సోమవారం, కొరియర్ వచ్చే ముందు."

"ఎక్కణ్ణుంచి తీశారు?"

"సార్ టేబుల్ మీంచి."

"ఎవరి అచ్చో తెలియడానికి గుర్తుండదా?"

"అడుగున పెన్సిల్‌తో పేరు రాస్తాం. తర్వాత నేను తుడుస్తాను కదా."

"తడిగుడ్డతో?"

"శుభ్రం ముఖ్యం కదా మేడమ్."

డాక్టరు కళ్ళు మూసుకున్నాడు. ఆ తడిగుడ్డ మీద వాళ్ళిద్దరి మధ్య చాలాకాలంగా యుద్ధం నడుస్తోందని అర్థమైంది.

"సోమవారం ఆ టేబుల్ మీద ఇంకేమైనా అచ్చులున్నాయా డాక్టర్ గారూ?"

ఆయన గడ్డం గోక్కున్నాడు. "ఉన్నాయి. ఆ పిల్ల ఏడ్చింది. నన్నెవరూ బాగుచెయ్యలేరు అంది. నా ప్రాణం ఉసూరుమంది. హాల్లో అద్దాల బీరువా ఉందే, అందులో నా జన్మకి గొప్ప పని ఉంది. ఒకే మనిషి పళ్ళు, చికిత్సకు ముందు ఒక అచ్చు, తరువాత ఒక అచ్చు. 'తరువాత'ది తీసుకొచ్చి పిల్ల చేతిలో పెట్టాను. నీకంటే ఘోరంగా ఉన్నవాడు ఇలా అయ్యాడు, నువ్వెంత అన్నాను. పాపం, ఏడుపు ఆపింది."

"తరువాత?"

"ఈమెని పిలిచి, అది బీరువాలో పెట్టు, ఇది పెట్టెలో పెట్టు అన్నాను."

"ఏది 'అది', ఏది 'ఇది'?"

"వేలితో చూపించాను."

"లేదు సార్," అంది రిసెప్షనిస్టు. "మీ ఒక చేతిలో డ్రిల్లుంది, ఇంకో చేతిలో అద్దముంది. గడ్డంతో చూపించారు."

"గడ్డంతోనైనా సరిగ్గానే చూపించాను."

"మీకు మాస్కుంది సార్."

నేను హాల్లోకి నడిచాను. పేషెంట్లు కూర్చునే సోఫాలో, పేషెంట్లు కూర్చునే చోటే కూర్చున్నాను. ఎదురుగా అద్దాల బీరువా. లోపల ఎర్ర ముఖమల్ గుడ్డ, పైన చిన్న బల్బు, నగల కొట్లో హారానికి పెట్టినట్టు. రెండు అచ్చుల ముందు రెండు చీటీలు.

'చికిత్సకు ముందు' అన్నచోట ఉన్న పై దవడ మేడ మీంచి బాల్కనీ పొడుచుకొచ్చినట్టుంది.

'చికిత్స తరువాత' అన్నచోటా బాల్కనీయే. పైగా దీని ముందుపన్ను ఒకటి విరిగింది.

నవ్వు ఆపుకోవడానికి సోఫా దిండు నోట్లో కుక్కుకున్నాను. డాక్టరు వచ్చి నా పక్కన కూర్చుని, నేను చూస్తున్న వైపు చూశాడు. చాలాసేపు చూశాడు.

"వారం రోజులుగా," అన్నాడు, "నేను ఉన్న పన్ను కూడా విరగ్గొడతానని ఊరందరికీ ప్రకటన వేసుకుంటున్నానా?"

"లైటు కూడా వేసి మరీ, డాక్టర్ గారూ."

బీరువా తెరిపించి, విరిగిన ముక్కని పొద్దున చూసిన ఆనవాలుతో పోల్చుకున్నాను. అదే మూల, అదే వాలు. కండక్టరమ్మ కూతురి అచ్చు దొరికింది. ఆ పక్కనున్న 'ముందు' అచ్చుని కూడా బతిమాలి తీసుకున్నాను.

"అయితే కంపెనీలో ఉన్న ముత్యాల వరుస, ఈ బాల్కనీ, ఒకే మనిషివన్నమాట. ఎవరు?"

"చెప్పకూడదు తల్లీ. పళ్ళు పెట్టుకోండి, పేరు మాత్రం పెట్టొద్దు అన్నాడు. మాటిచ్చాను."

"పేరొద్దు. ఇంకేదైనా చెప్పండి."

ఆయన కళ్ళలో మెరుపొచ్చింది. "పద్నాలుగేళ్ళప్పుడొచ్చాడు. బళ్ళో అందరూ ఓపెనర్ అనేవాళ్ళట. మధ్యాహ్నం పూట సోడా సీసాలు తెచ్చి, మూత తియ్యరా అని ఇచ్చేవాళ్ళట. నోరు మూతపడేది కాదు. ఇన్సూరెన్స్ వాళ్ళు కూడా అవసరమని ఒప్పుకుని సగం కట్టారు. మూడేళ్ళు పట్టింది. క్లిప్పులు తీసిన రోజు అద్దం ముందు గంటసేపు కదల్లేదు. ఇప్పుడు మంచి ఉద్యోగమే. ఎక్కడో చెప్తే నువ్వు నవ్వుతావు."

నేను నవ్వలేదు. ఎందుకంటే, నాకింకా తెలీదు.

* * *

కంపెనీకి కండక్టరమ్మ బస్సులోనే వెళ్ళాను. ఆ ట్రిప్పులో ఆవిడ ఎవర్నీ మెట్ల మీద తాపీగా నిలబడనివ్వలేదు. "లోపలికి జరగండి, పిల్ల పళ్ళ విషయం," అంటూ విజిల్ ఊదింది. ఎవరికీ అర్థం కాలేదు గాని అందరూ జరిగారు.

కత్తెర కొత్త అచ్చుని అటూ ఇటూ తిప్పి, స్టీలు స్కేలు తీసి కొలిచాడు. మళ్ళీ కొలిచాడు.

"ఇది అవసరమే," అన్నాడు. "కావలసినదాని కంటే రెండు మిల్లీమీటర్లు ఎక్కువే ముందుకొచ్చాయి. అంగిట్లో కింది పళ్ళ గుర్తులు కూడా పడ్డాయి. పాపం."

"అయితే సంతకం పెట్టండి."

"పెట్టలేను. ఇప్పుడు నా ముందు రెండు అచ్చులున్నాయి, అమ్మాయి ఒక్కతే. మొదటిది ఆమెది కాదంటే మరి ఎవరిది? ఆ మనిషి వచ్చి 'ఇది నాది' అని చెప్తే రెండోది ఆమెదవుతుంది. లేకపోతే తగాదా కింద కమిటీకి పంపాలి. కమిటీ కూర్చునేది వచ్చే నెల."

"వచ్చే నెలకి ఆమె వయసు దాటిపోతుంది. విరిగిన పన్ను చూడండి సార్, అచ్చులో ఉంది, ఆమె నోట్లోనూ ఉంది."

"సర్క్యులర్," అన్నాడు. ఆ మాట అనడం అతనికీ ఇష్టం లేదు. "నాకు బాధ లేదనుకోకండి మేడమ్."

డాక్టరుకి ఫోను చేశాను. మాట మాటే అన్నాడాయన. నాలుగున్నరైంది.

వరండా బెంచీ మీద కూలబడ్డాను. కండక్టరమ్మ నా మొహం చూసింది. "పొద్దుట్నుంచి తిరుగుతూనే ఉన్నావు. ఏమైనా తిన్నావా అమ్మా? ఆ డబ్బాలో ఏదుంటే అది తిను ముందు."

డబ్బా తెరిచాను. టోస్టు ఎండి పెంకులా అయింది. కాటు మాత్రం చెక్కుచెదరలేదు. ముద్దుగా దాన్నే చూస్తూ కూర్చున్నాను. అర్ధచంద్రాకారం. ఒక్కో పన్నుకి ఒక్కో చిన్న వంపు. అన్నీ ప్రార్థనకి నిలబడ్డట్టు వరసగా ఉన్నాయి. ఎడమవైపు ఒక్కటి మాత్రం, పక్కవాళ్ళ మాటలు వినడానికి తల తిప్పినట్టు...

నా ఆకలి చచ్చిపోయింది.

కఫ్ లింకులు. తడిసిపోయిన ఫోటోలు. ఎక్కడ పనిచేస్తున్నాడో చెప్తే నవ్వుతావన్న డాక్టరు. ఏ నవ్వు చూసి నేను దర్యాప్తు మానేశానో, ఆ నవ్వే పొద్దుట్నుంచి అట్టపెట్టెలో సాక్ష్యంగా కూర్చుని ఉంది.

డబ్బా మూసేశాను. దీన్ని టేబుల్ మీద పెడితే ఆ పిల్లకి క్లిప్పులొస్తాయి. ఇన్నేళ్ళు తల్లీకొడుకులు ఆల్బమ్ పేజీలు చింపి మరీ దాచిన మాట బయటపడుతుంది. మొహం మీదే కత్తెర అనే ఆఫీసు రేపట్నుంచి ఓపెనర్ అంటుంది. సీసాలు కూడా తెస్తుంది.

"అక్కా," అంది ఆ పిల్ల, చేతి వెనకనుంచి. "కమిటీ అంటే కుదరదనేగా?"

లేచి, లోపలికి వెళ్ళి, తలుపు వేశాను.

"సార్, ఇంటి విషయం మాట్లాడాలి."

"ఆఫీసులో..."

"'నువ్వు' అని పిలుస్తున్నాను."

అతను స్కేలు కింద పెట్టాడు.

ముత్యాల వరుస పై దవడ తీసుకుని, టోస్టు కాటులో మెల్లగా ఆనించాను. ఎడమ మూల కాస్త బిగుసుకుంది గాని, తాళంలో తాళంచెవిలా కూర్చుంది. పక్కన 'చికిత్సకు ముందు' అచ్చు పెట్టాను.

అతను ముందు టోస్టుని చూశాడు. "అది నాదే."

"అవును."

"దాన్నెందుకు దాచావు?"

"అది తరువాత."

అప్పుడు రెండో అచ్చు వైపు చూశాడు. చేతిలోకి తీసుకున్నాడు. "ఇంకా ఉంచాడా ఈయన," అన్నాడు మెల్లగా. రెండో చెయ్యి దానంతటదే లేచి నోటికి అడ్డం వెళ్ళింది. పొద్దున వరండాలో చూసిన చెయ్యి లాగే.

"ఇది నా కేసు," అన్నాను. "కానీ ఈ మాట నీది. నువ్వు చెప్పమంటేనే చెప్తాను. లేదంటే ఈ టోస్టు ఇక్కడే తినేస్తాను."

అతను తలుపు అద్దంలోంచి బయటికి చూశాడు. "పాలల్లో బ్రెడ్డు నానబెట్టుకుని తింటోందా?"

"నీకెలా తెలుసు?"

"నేనూ అదే తినేవాణ్ణి. మూడు పూటలా."

"మరి పొద్దున అంత ధీమాగా ఎలా కొట్టేశావు?"

"ఆ అచ్చు అంత బాగుంది మరి. ఎక్కడో చూసినట్టు కూడా అనిపించింది."

"రోజూ అద్దంలో చూస్తున్నావు."

అతను టై సర్దుకున్నాడు. అది ఇంకా ఎడమకి వాలింది. "నేను సాక్షినైతే సంతకం నేను పెట్టకూడదు. పక్క గదిలో పెద్దమేడం పెట్టాలి," అంటూ మూడు అచ్చులూ ట్రేలో పెట్టుకుని బయటికి నడిచాడు. హాలు మధ్యలో, పన్నెండు టేబుళ్ళ మధ్య ఆగాడు.

"అందరూ ఒక్క నిమిషం వినండి," అన్నాడు. "ఈ ఫైల్లో పొరపాటున వచ్చిన పళ్ళు నావి. ఇదిగో, ఈ బాల్కనీ కూడా నాదే. బళ్ళో నన్ను ఓపెనర్ అనేవాళ్ళు. నవ్వుకునేవాళ్ళు ఇప్పుడే నవ్వుకోండి, అయిదింటికి ఫైలు మూసెయ్యాలి."

ఎవరో కిసుక్కుమన్నారు. ఎవరో దగ్గారు. మూల టేబుల్ ఆవిడ లేచి నిలబడి, తన పై వరుసలో రెండు కట్టుడు పళ్ళున్నాయని చెప్పింది. ఆవిణ్ణి ఎవరూ అడగలేదు.

అతను పక్క గదిలోంచి బయటికొచ్చేసరికి గోడ గడియారంలో పెద్దముల్లు పన్నెండుకి ఇంకా కొంచెం ఇవతలే ఉంది. అనుమతి మీద ముద్ర తడి ఆరలేదు.

కండక్టరమ్మ ముద్రని చూసింది, అతన్ని చూసింది. "సార్, నా బస్సులో మీకెప్పుడూ సీటుంటుంది," అంది.

"టికెట్టు?"

"కొనాలి."

అతను పిల్ల ముందు గొంతుక్కూర్చుని, బాల్కనీ అచ్చుని ఆమె చేతుల్లో పెట్టాడు. "ఇది నేను," అన్నాడు. అది రెండు చేతులా పట్టుకోవాల్సినంత బరువుంది. ఆ పిల్ల అచ్చుని చూసింది. అతన్ని చూసింది. ఫక్కున నవ్వింది. అడ్డం పెట్టుకోవడానికి చెయ్యి ఖాళీ లేదు.

* * *

వాళ్ళు వెళ్ళిపోయాక గదిలో ఇద్దరమే మిగిలాం. నేను అచ్చులు కాగితాల్లో చుడుతున్నాను, డాక్టరు పరువు రేపటికల్లా బీరువాలో ఉండాలి. అతను ఊరికే ఉండలేడు. స్కేలు తీసి టోస్టు మీద పెట్టాడు, ముత్యాల వరుస మీద పెట్టాడు, మళ్ళీ టోస్టు మీద పెట్టాడు. మొహం తెల్లబోయింది.

"ఏంటి?"

"ఎడమ పక్కపన్ను. అచ్చులో తిరిగింది వెంట్రుకవాసి. టోస్టులో బియ్యపుగింజంత."

"అంటే?"

"కదులుతోంది. వెనక్కి, పాత చోటికి."

బాల్కనీ నా చేతిలోనే ఉంది. దాన్ని మెల్లగా బల్ల మీద పెట్టాను. "నీలం డబ్బాలో ఉన్నవి కఫ్ లింకులు కావుగా?"

"రిటైనర్. క్లిప్పులు తీశాక పళ్ళు మళ్ళీ జరక్కుండా రాత్రిపూట పెట్టుకునే తొడుగు. ఇన్నేళ్ళలో ఒక్క రాత్రి కూడా మానలేదు."

"ఎప్పుడు మానావు?"

"పెళ్ళినాడు."

"ఇన్సూరెన్స్ మళ్ళీ ఇస్తుందా?"

"జీవితంలో ఒక్కసారే. నాది వాడేసుకున్నాను."

"ప్రత్యేకంగా అడిగితే?"

"చికిత్స అయ్యాక అశ్రద్ధ వల్ల పళ్ళు మళ్ళీ కదిలితే," అని మొదలుపెట్టి ఆగిపోయాడు. ఆ వాక్యం ఎవరు రాశారో ఇద్దరికీ తెలుసు.

నేను కుర్చీ లాక్కుని అతనికెదురుగా కూర్చున్నాను. పెన్ను మూత తీశాను. ఇంట్లో దర్యాప్తు నిషేధమే గాని, ఇది ఆఫీసు.

"కూర్చోండి సార్. మీ కేసు నేను తీసుకుంటున్నాను. ఇది అశ్రద్ధ కాదని నిరూపించాలి. బలమైన కారణం ఉండాలి. ఆ రాత్రి రిటైనర్ ఎందుకు పెట్టుకోలేదు?"

"పెట్టుకుంటే నవ్వు సరిగ్గా రాదు. మాట కూడా ముద్దగా వస్తుంది."

"వస్తే ఏం? అంతగా ఎవరికోసం నవ్వాల్సొచ్చింది? అసలు దీనికంతటికీ కారణమెవరు?"

అతను నన్ను చూసి నవ్వాడు. ఎడమవైపు పన్ను, బియ్యపుగింజంత తల తిప్పి, నా మాటలు వింటోంది.

"మీరే మేడమ్," అన్నాడు.